మోకాలికి ప్లేటు వేసి నాలుగు నెలలైంది. బయట నడిచి కోలుకున్నవాళ్లు ఉన్నారా? (తిరుపతి)

గోవింద_నడక | జూన్ 9

అందరికీ నమస్కారం. మాది తిరుపతి, బైరాగిపట్టెడ. ఫిబ్రవరిలో రేణిగుంట రోడ్డు మీద బండి స్కిడ్ అయి పడ్డాను. ఎడమ మోకాలి కింద ఎముక, సరిగ్గా కీలు దగ్గర విరిగింది. ఆపరేషన్ చేసి ప్లేటు, స్క్రూలు వేశారు. మూడు నెలలు కాలు నేలకి మోపనివ్వలేదు. పోయిన వారం ఎక్స్‌రే చూసి, ఎముక బాగా అతుక్కుంటోంది, కర్ర పట్టుకుని పూర్తి బరువు వేయొచ్చు అన్నారు.

ఇప్పుడు నా బాధ ఎముక గురించి కాదు. మా హాల్లో గోడ నుంచి గోడకి పదకొండు అడుగులు. నెల రోజులుగా అక్కడే నడుస్తున్నాను. అదే క్యాలెండరు, అదే టీవీ స్టాండు. ఎక్సర్‌సైజుల టైం వస్తే ఏదో ఒక సాకు వెతుక్కుంటున్నాను. రాత్రిళ్లు నిద్ర లేదు. దెబ్బ తగలక ముందు నెలకోసారి అలిపిరి నుంచి కొండకి నడిచి వెళ్లేవాణ్ణి. ఇప్పుడు వీధి చివర నిలబడి నడకదారి లైట్లు చూస్తుంటే ఏడుపొస్తోంది.

కాలు బాగైతే నన్ను నడిపించి తెస్తానని అమ్మ మొక్కుకుంది. బయట నడక మొదలుపెట్టొచ్చా? తిరుపతిలో ఎక్కడ మంచిది? ఇలాంటి దెబ్బ నుంచి బయటపడినవాళ్లు చెప్పండి.

పాకాల_పిల్ల | జూన్ 9

అన్నా, ముందు ధైర్యంగా ఉండండి. మా అక్కకి తుంటి ఆపరేషన్ అయినప్పుడు ఇలాగే గదిలో ముడుచుకుపోయింది. రోజూ సాయంత్రం వాకిట్లో వేపచెట్టు కింద కుర్చీ వేసి కూర్చోబెట్టాం. అంతే, వేరే ఏమీ చేయలేదు. నాలుగు రోజులకి తనే లేచి గేటు దాకా వెళ్తానంది.

ఫిజియో_అక్క | జూన్ 10

గోవింద గారూ, నేను ఫిజియోథెరపిస్టుని, చిత్తూరులో పనిచేస్తాను. మీ ఎక్స్‌రే నేను చూడలేదు కాబట్టి మీ సర్జన్ మాటే చివరి మాట. ఆయన పూర్తి బరువు వేయమన్నారంటే బయట నడవడానికి అభ్యంతరం ఉండకూడదు. ఎక్కడ, ఎంతసేపు అన్నది మాత్రం ఆయన్ని ఒకసారి అడగండి.

కర్ర ఏ చేత్తో పట్టుకుంటున్నారు? నా దగ్గరికి వచ్చేవాళ్లలో చాలామంది దెబ్బ తగిలిన వైపే పట్టుకుంటారు. మీకు ఎడమ కాలు కాబట్టి కర్ర కుడి చేతిలో ఉండాలి. ఎడమ కాలు, కర్ర కలిసి ముందుకు పడాలి. అప్పుడే మోకాలి మీద బరువు తగ్గుతుంది. చెయ్యి వదులుగా వేలాడేసి నిలబడితే కర్ర పిడి మణికట్టు ముడత దగ్గరికి రావాలి. అడుగున రబ్బరు బుష్ అరిగి ఉంటే బయట అడుగు పెట్టేముందే మార్చేయండి. తడి బండ మీద జారేది అదే.

నొప్పికి సున్నా నుంచి పది దాకా మార్కులు వేసుకోండి. నడిచేటప్పుడు మూడు, నాలుగు దాకా పర్వాలేదు. మర్నాడు పొద్దున లేచేసరికి మోకాలు నిన్న ఎలా ఉందో అలా ఉండాలి. వాపు ఎక్కువైనా, బిగుసుకుపోయినా నిన్న ఎక్కువ నడిచారని అర్థం. ఆ రోజు సగం నడవండి, పూర్తిగా మానేయకండి.

ఇంకొకటి, ఇది ఇక్కడ చదివే అందరికీ. పిక్క వాచి, ముట్టుకుంటే నొప్పిగా, వేడిగా ఉన్నా, ఆయాసం వచ్చినా, ఛాతీ పట్టేసినా నడక సంగతి తర్వాత, వెంటనే ఆసుపత్రికి వెళ్లాలి. కాలిలో రక్తం గడ్డకట్టి ఉండొచ్చు. కుట్ల దగ్గర ఎర్రబడి చీము పట్టినా, జ్వరం వచ్చినా అంతే.

దామలచెరువు_తోట | జూన్ 10

బాబూ, నాకు అరవై రెండేళ్లు. రెండేళ్ల కిందట తోతాపురి కోతలప్పుడు చెట్టు మీదనించి పడ్డాను. నడుము దగ్గర వెన్నుపూస నలిగింది. ఆపరేషన్ వద్దన్నారు. బెల్టు కట్టి, వంగొద్దు, బరువు ఎత్తొద్దు, కొంచెం కొంచెంగా నడువు అన్నారు.

నేను నడిచింది నా తోటలోనే. మా మామిడి చెట్లకి చెట్టుకీ చెట్టుకీ మధ్య ముప్పై అడుగులు ఉంటుంది. మొదటి వారం నాలుగు చెట్లు పోయి నాలుగు చెట్లు వచ్చాను. నాలుగో చెట్టు కింద మనవడు ప్లాస్టిక్ కుర్చీ వేసిపెట్టేవాడు. తర్వాతి వారం కుర్చీని ఆరో చెట్టు కిందికి జరిపాం. గడియారం చూసుకుంటూ పది నిమిషాలు నడవమంటే నాకు చేతకాలేదు. చెట్ల లెక్క చేతనైంది. పోతూ పోతూ ఈ కొమ్మకి పిందె నిలిచిందా, ఆ చెట్టుకి తేనెమంచు పురుగు పట్టిందా అని చూసుకునేవాణ్ణి. నొప్పి లేదని కాదు, ఉండేది. దాన్నే తలుచుకుంటూ మంచంలో పడుకోవడం మాత్రం తప్పింది.

వరస చివర ఇరవై రెండో చెట్టు చేరడానికి నాకు మూడు నెలలు పట్టింది.

చంద్రగిరి_రైడర్ | జూన్ 11

అన్నా, నేను కబడ్డీ ఆడతాను. ఏసీఎల్ (మోకాలి లోపలి లిగమెంటు) తెగితే ఆపరేషన్ చేయించుకుని నాలుగున్నర నెలలు. నేనైతే స్వర్ణముఖి ఇసకలో పరుగు మొదలుపెట్టేశాను. మోకాలు ఫుల్ ఫ్రీగా ఉంది, నొప్పి అస్సలు లేదు. భయపడితే కాలు రాదు, దిగిపోవడమే.

ఫిజియో_అక్క | జూన్ 11

తమ్ముడూ, చంద్రగిరీ, దయచేసి ఆపు. కోపంతో కాదు, నీలాంటి పిల్లల్ని రెండోసారి ఆపరేషన్‌కి పంపిన బాధతో చెబుతున్నాను.

ఏసీఎల్ చోట కొత్తగా వేసిన లిగమెంటు లోపల అతుక్కుని గట్టిపడటానికి నెలలు పడుతుంది. నొప్పి మాత్రం అంతకన్నా చాలా ముందే పోతుంది. అందుకే నాలుగు, ఐదు నెలల దగ్గర బాగైపోయినట్టు అనిపిస్తుంది. తొమ్మిది నెలల లోపు ఆటలోకి దిగినవాళ్లకి మళ్లీ దెబ్బ తగలడం చాలా ఎక్కువని పరిశోధనల్లో తేలింది. పైగా ఏటి ఇసక. కాలు దిగబడి పక్కకి తిరుగుతుంది, నీ మోకాలికి ఇప్పుడు పడనిది సరిగ్గా ఆ తిప్పుడే. నీ ఫిజియో దగ్గరికి వెళ్లి రెండు తొడల బలం కొలిపించుకో. ఒంటికాలి మీద లేచి కూర్చోవడం రెండు వైపులా సమానంగా వచ్చేదాకా చదును నేల మీద నడక, సైకిల్ చాలు.

చంద్రగిరి_రైడర్ | జూన్ 11

సరే అక్కా. ఇంత సంగతి ఉందని నాకు ఎవరూ చెప్పలేదు. రేపే వెళ్తాను.

మాస్టారు_తిరుపతి | జూన్ 12

గోవింద గారూ, నేను రిటైర్డ్ టీచర్‌ని. యూనివర్సిటీ క్యాంపస్‌లో రోజూ నడుస్తాను. మీకూ అదే సలహా. రోడ్లు చదును, చెట్ల నీడ ఉంటుంది, కూర్చోవడానికి అరుగులుంటాయి. ఉదయం ఏడు లోపు ముగించండి, మన ఊరి ఎండ సంగతి మీకు తెలుసు కదా. జూ పార్క్ కూడా విశాలమే కానీ ఒకసారి లోపలికి వెళ్తే మళ్లీ బయటికి చాలా దూరం. ఇప్పుడే వద్దు.

చెట్ల గురించి ఒక మాట. 1984లో రోజర్ ఉల్‌రిచ్ అనే ఆయన సైన్స్ పత్రికలో ఒక అధ్యయనం ప్రచురించారు. అమెరికాలో పెన్సిల్వేనియాలోని ఒక ఆసుపత్రిలో పిత్తాశయం ఆపరేషన్ అయిన 46 మంది రికార్డులు తీశారు. సగం మంది గది కిటికీలోంచి చెట్లు కనిపిస్తాయి, మిగతా సగం మందికి ఇటుక గోడ. చెట్లు కనిపించినవాళ్లు దాదాపు ముక్కాలు రోజు ముందే ఇంటికి వెళ్లారు. గట్టి నొప్పి మందులూ తక్కువే వాడారు. మంచం మీద పడుకుని చెట్టును చూస్తేనే అంత తేడా వస్తే, మీరు ఆ పదకొండు అడుగుల గోడల మధ్య ఎందుకు ఉండాలి?

ఫిజియో_అక్క | జూన్ 12

మాస్టారూ, నేనూ ఆ అధ్యయనం చదివాను, నాకు చాలా ఇష్టమైనది. అయితే అది చిన్న గుంపు, పిత్తాశయం రోగులు. చెట్టు చూస్తే ఎముక త్వరగా అతుకుతుందని దాని నుంచి చెప్పలేం. రోజూ చేయాల్సిన పని చేయాలనిపించడానికి చెట్టు సాయపడుతుంది. నా అనుభవంలో రోగి ఎక్సర్‌సైజు మధ్యలో మానేయడమే సగం సమస్య.

బయటి నేలలో ఇంకో మంచి గుణం ఉంది. ట్రెడ్‌మిల్ మీద ప్రతి అడుగూ ఒకటే. క్యాంపస్ రోడ్డు పక్కన వేరు ఉంటుంది, గడ్డి ఉంటుంది, కొంచెం వాలు ఉంటుంది. కాలు ఎక్కడ ఎలా ఆనిందో మెదడుకి చెప్పే నరాలు దెబ్బ తర్వాత మొద్దుబారతాయి. అవి మళ్లీ పదునెక్కేది ఇలాంటి నేల మీదే. కానీ అది రెండో మెట్టు. మొదటి మెట్టు చదును రోడ్డు.

కుప్పం_వాణి | జూన్ 14

నా అనుభవం కూడా రాస్తాను, ఎవరికైనా పనికొస్తే చాలు. చీలమండ విరిగి, కట్టు విప్పిన రెండు వారాలకే ఫ్రెండ్స్‌తో తలకోన వెళ్లాను. 270 అడుగుల జలపాతం, చుట్టూ అడవి, అక్కడికి వెళ్తే మనసు బాగుపడుతుందనుకున్నాను. నీళ్ల దగ్గర బండలన్నీ పాచి. కాలు జారలేదు, దేవుడి దయ. కానీ ఎత్తుపల్లాల దారిలో పోయి రావడానికే చీలమండ గుమ్మడికాయలా వాచిపోయింది. మళ్లీ నెల రోజులు మంచం. అడవి నాకు మేలు చేయలేదని కాదు, నేను వెళ్లాల్సిన సమయం అది కాదు. ఆరు నెలల తర్వాత వెళ్లినప్పుడు అదే దారి ఎంత హాయిగా అనిపించిందో చెప్పలేను.

నగరి_కుర్రోడు | జూన్ 15

పుత్తూరు కట్టు గురించి ఎవరూ రాయలేదేం? మా నాయనకి ముంజేయి విరిగితే అక్కడే కట్టించాం. ఆకు పసరు, కోడిగుడ్డు తెల్లసొన, వెదురు బద్దలు. బాగా అతుక్కుంది. ఎక్కడెక్కడి నుంచో జనం వస్తారు అక్కడికి. కట్టు విప్పాక చెయ్యి కదపడానికి మాత్రం నాయన భయపడ్డాడు. తర్వాత పూల మడికి నీళ్లు కట్టడానికి వెళ్లి, మెల్లగా పార పట్టి, అలా దారిలో పడింది. గోవిందన్న కూడా ఆ కట్టు వేయించుకుంటే?

ఫిజియో_అక్క | జూన్ 15

నగరి తమ్ముడూ, ఆ నమ్మకం నాకు తెలుసు, మా ఇంట్లోనూ ఉంది. కానీ గోవింద గారిది కీలు లోపలికి వెళ్లిన ఫ్రాక్చర్, లోపల ప్లేటు ఉంది. దాని మీద బిగించి కట్టడం గానీ, తోమడం గానీ అస్సలు చేయకూడదు. ఏ ఎముక విరిగినా ముందు ఎక్స్‌రే, తర్వాతే ఏ నిర్ణయమైనా. మీ నాయన నీళ్లు కట్టిన పద్ధతి మాత్రం చక్కటి ఫిజియో.

మిద్దెతోట_లక్ష్మి | జూన్ 17

అందరూ నడక గురించి రాస్తున్నారు. నాలాంటివాళ్ల సంగతి చెబుతాను. నాకు కుడి మణికట్టు విరిగింది. పొద్దున వాకింగ్‌కి వెళ్తానంటే ఇంట్లో టిఫిన్ ఎవరు చేస్తారు అనే ప్రశ్న వస్తుంది. పార్కు మన ఊరిలో ఉన్నా మనది కాదనిపిస్తుంది ఆడవాళ్లకి.

మిద్దె మీద కుండీలు ఉన్నాయి. కట్టు విప్పాక ఫిజియో నన్ను బంతి పిసకమన్నారు. నేను మట్టి పిసికాను. ఎర్రమట్టి, పశువుల ఎరువు కలిపి తడిపి పిడికిట్లో నొక్కితే వేళ్ల సందుల్లోంచి బయటికి వస్తుంది. మొదటి రోజు పిడికిలి సగమే మూసుకుంది, మట్టి అరచేతిలోనే ఉండిపోయింది. నెల తిరిగేసరికి నాలుగు వేళ్ల సందుల్లోంచీ వచ్చింది. నీళ్లు పోయడానికి ముందు చెంబు, తర్వాత మగ్గు, ఆ తర్వాత సగం బకెట్. ఇప్పుడు చపాతీ పిండి నేనే కలుపుతున్నాను. చేతికి దెబ్బ తగిలిన అక్కచెల్లెళ్లు ఎవరైనా ఉంటే నాలుగు కుండీలు పెట్టుకోండి. కుట్లు, గాయం పూర్తిగా ఆరాకే మట్టి ముట్టుకోవాలి, అది మాత్రం మరవొద్దు.

పాకాల_పిల్ల | జూన్ 17

లక్ష్మక్కా, ఇది చదివి మా అమ్మకి వినిపించాను. రేపే కుండీలు తెస్తోంది.

గోవింద_నడక | జూలై 21

అందరికీ పేరుపేరునా దండాలు. సర్జన్‌ని అడిగాను, సరేనన్నారు. మూడు వారాలుగా క్యాంపస్‌కి వెళ్తున్నాను. నా భార్య బండి మీద దింపి వెళ్తుంది, ముప్పావు గంట తర్వాత వచ్చి తీసుకెళ్తుంది. దామలచెరువు పెద్దాయన చెప్పినట్టు చెట్ల లెక్క పెట్టుకున్నాను. మొదటి రోజు ఐదు చెట్లు. నిన్న పద్దెనిమిది.

ఇంటి దగ్గర ఇంకో లెక్క కూడా మొదలుపెట్టాను. మోకాలిచిప్ప పైన పది సెంటీమీటర్ల దగ్గర పెన్నుతో గుర్తు పెట్టి, టైలర్ టేపుతో తొడ చుట్టూ కొలిచాను. కుడి తొడ 46, ఎడమది 41. ఐదు సెంటీమీటర్ల కండ పోయింది. చూసి నిజంగా దిగులేసింది. మోకాలి కింద టవల్ చుట్ట పెట్టి నొక్కే ఎక్సర్‌సైజు ఇప్పుడు మానడం లేదు. క్యాంపస్‌లో అరుగు మీద కూర్చుని కూడా చేస్తున్నాను.

నిద్ర పడుతోంది. అదే నాకు పెద్ద విషయం.

ఇప్పుడు అసలు ప్రశ్న. మొక్కు తీర్చుకునే రోజు వస్తే అలిపిరా, శ్రీవారి మెట్టా?

శేషాచలం_బాటసారి | జూలై 22

అలిపిరి 3550 మెట్లు, దాదాపు తొమ్మిది కిలోమీటర్లు. శ్రీవారి మెట్టు 2388 మెట్లు, రెండు కిలోమీటర్ల పైచిలుకు. మెట్లు తక్కువని శ్రీవారి మెట్టు సులువనుకుంటారు, కానీ అది నిటారు. అలిపిరిలో గాలిగోపురం దాకా కష్టం, తర్వాత చాలా దూరం చదునుగా ఉంటుంది, చివర్లో మోకాళ్ల పర్వతం. రామానుజులవారు ఆ కొండని మోకాళ్ల మీద ఎక్కారని చెబుతారు, ఇప్పటికీ కొందరు భక్తులు అలాగే ఎక్కుతారు. ప్లేటు ఉన్న మోకాలితో ఆ పని ఎవరూ చేయకండి.

మొదట్లో తలయేరు గుండు ఉంది కదా, దానికి తల, మోకాళ్లు ఆనిస్తే నొప్పులు రావని మన పెద్దల నమ్మకం. ఆ రాతి మీద జనం మోకాళ్లు ఆనించి ఆనించి పడిన గుంటలు చూస్తే నాకు ఒళ్లు పులకరిస్తుంది. ఎన్ని తరాల మోకాళ్లో.

చీకటి పడే వేళ మాత్రం వద్దు. 2023 ఆగస్టులో అలిపిరి దారిలో చిరుత దాడి చేసి ఒక పాప చనిపోయింది. మెల్లగా నడిచేవాళ్లు గుంపు నుంచి వెనకబడతారు. పొద్దున్నే బయల్దేరండి, ఒంటరిగా వెళ్లకండి.

ఫిజియో_అక్క | జూలై 22

దారి ఏదైనా సరే, దిగేటప్పుడు బస్సు ఎక్కండి. ఈ ఒక్క మాట గుర్తుపెట్టుకోండి. కొలిచే పరికరాలు లోపల అమర్చిన కృత్రిమ మోకాళ్లతో జర్మనీలో లెక్కలు తీశారు. చదును మీద నడిస్తే కీలు మీద శరీర బరువుకి సుమారు రెండున్నర రెట్లు పడుతుంది. మెట్లు ఎక్కితే మూడు రెట్లకి పైన, దిగితే దాదాపు మూడున్నర. ఎక్కడం ఆయాసం, దిగడం మోకాలికి కష్టం. మనవాళ్లు ఎక్కేటప్పుడు జాగ్రత్తపడి, దిగేటప్పుడు గోవిందా అంటూ పరుగెత్తుతారు.

ఇప్పటి నుంచే ఇంటి మెట్ల మీద అలవాటు చేసుకోండి. ఎక్కేటప్పుడు మంచి కాలు ముందు, దిగేటప్పుడు దెబ్బ తగిలిన కాలు, కర్ర ముందు. మెట్టు మెట్టుకీ రెండు కాళ్లూ కలపాలి. ఒక్కో మెట్టుకి ఒక్కో కాలు వేయడం తొడ బలం వచ్చాకే. అక్టోబరు నుంచి మనకి వానలు, రాతి మెట్లు తడిగా ఉంటాయి. తొందరపడకండి.

గోవింద_నడక | అక్టోబరు 30

చిన్న కబురు. ఎడమ తొడ 44. కర్ర లేకుండా క్యాంపస్ రెండు చుట్లు. వాన వల్ల వారం రోజులు బయటికి వెళ్లలేకపోయాను, మళ్లీ హాల్లో నడిచాను. ఈసారి ఆ గోడల మీద కోపం రాలేదు, ఎందుకంటే నా చెట్లు నా కోసం అక్కడున్నాయని తెలుసు.

నిన్న కపిలతీర్థం వెళ్లాం. కొండ మీదనించి నీళ్లు దూకుతున్నాయి. అమ్మ గట్టు మీద కూర్చోబెట్టి, నా మోకాలి మీద చల్లటి నీళ్లు చల్లింది. చిన్నప్పుడు దెబ్బ తగిలితే చేసినట్టే.

చంద్రగిరి_రైడర్ | అక్టోబరు 31

సూపర్ అన్నా. నాకు తొమ్మిది నెలలు దాటాయి. నిన్న బలం టెస్టు చేశారు, రెండు కాళ్లూ దాదాపు సమానం. వచ్చే నెల ప్రాక్టీసుకి ఒప్పుకున్నారు. ఫిజియో అక్కా, ఆ రోజు మీరు ఆపకపోయుంటే నేను ఇప్పుడు ఎక్కడ ఉండేవాణ్ణో.

గోవింద_నడక | జనవరి 18

మొక్కు తీరింది.

సర్జన్ చూసి ఒప్పుకున్నాక నిన్న శ్రీవారి మెట్టు నుంచి వెళ్లాం. నిటారని తెలుసు, కానీ దూరం తక్కువ, నాకు దూరమే భయం. నేను, నా భార్య, అమ్మ, బావమరిది. యాభై మెట్లకి ఒకసారి కూర్చున్నాను. అమ్మ ప్రతి మెట్టుకీ పసుపు, కుంకుమ పెడుతూ వచ్చింది, కాబట్టి అసలు ఆలస్యం నా వల్ల కాదు, ఆమె వల్లే. ఆమె వంగి బొట్టు పెట్టి లేచేలోపు నా మోకాలికి కావాల్సిన విశ్రాంతి దొరికింది. మధ్యలో ఒక చోట చెట్ల సందులోంచి కింద మైదానం కనిపించింది. ఆ కనిపించే ఇళ్లల్లో ఎక్కడో మా హాలు కూడా ఉంటుంది కదా అనుకుంటూ చాలాసేపు నిలబడిపోయాను.

నాలుగు గంటలు పట్టింది. నొప్పి ఐదు దాకా వెళ్లింది, అక్కడ అరగంట ఆగాం. దర్శనం అయ్యాక బస్సులో దిగాం. ఈరోజు పొద్దున టేపుతో చూస్తే మోకాలు ఒక సెంటీమీటరు వాచింది. ఐసు పెట్టి కాలు ఎత్తుగా పెట్టుకుని పడుకున్నాను. సాయంత్రానికి తగ్గింది.

దామలచెరువు_తోట | జనవరి 18

చల్లగా ఉండు నాయనా. మామిడి పూత మొదలైంది. కాయ కోతకి వచ్చాక ఇంటిల్లిపాదీ రండి. ఇరవై రెండో చెట్టు కింద కుర్చీ అలాగే ఉంది.

ఫిజియో_అక్క | జనవరి 19

గోవింద గారూ, కళ్లు చెమర్చాయి. ఈ రెండు రోజులు పది చెట్లకి మించొద్దు.

చంద్రగిరి_రైడర్ | జనవరి 19

అన్నా, ఎల్లుండి నేనూ క్యాంపస్‌కి వస్తాను, ప్రాక్టీసు లేదు. ఎన్నింటికి?

గోవింద_నడక | జనవరి 19

ఆరుంపావుకి, గేటు పక్కన మొదటి చెట్టు దగ్గర ఉంటాను.